మూడున్నర అని రాసిన సాయంత్రం

పోయిన నెలలో ఒక శనివారం మా మనవరాలు గుడ్లవల్లేరు కాలేజీ హాస్టల్ నుంచి వస్తూనే, చెప్పులైనా విడవకుండా, ఫోన్ తెచ్చి నా ముఖం ముందు పెట్టి, అమ్మమ్మా ఇది చూడు అంది. ఫోన్లో ఏదైనా చూడమంటే నాకు ముందు పుట్టేది అనుమానమే. ఆ మధ్య ఇలాగే ఎవరో చూడమని పంపితే మా పక్కింటావిడ నొక్కకూడని చోట నొక్కి వారం రోజులు ఏడ్చింది. అందుకని కళ్ళజోడు పెట్టుకుని, చేతులు వెనక్కి కట్టుకుని, దూరం నుంచే చూశాను. ఉత్తర కిరీటం అనే నక్షత్రాల గుంపులో ఒక నక్షత్రం ఎనభై ఏళ్ళకోసారి పేలుతుందట, ఇవాళో రేపో మళ్ళీ పేలబోతోందని లోకమంతా ఎదురుచూస్తోందట, వాళ్ళ కాలేజీ పిల్లలు కూడా ఒక జట్టుగా చేరి రోజూ సాయంత్రం దాన్ని వెతుకుతున్నారట. వాళ్ళ జట్టులో ఎవరి అమ్మమ్మా వెలుగు మారే నక్షత్రాలు చూసినావిడ కాదు కనుక, దీనికి నేనంటే కాస్త గర్వం.

అంతవరకూ బాగానే ఉంది. ఆ తర్వాత అది ఇంకో పేజీ తెరిచింది. నక్షత్రాల వెలుగు అంచనా కట్టి దేశదేశాల వాళ్ళు పంపిన అంకెలన్నీ అందులో చుక్కలు చుక్కలుగా పెట్టారు, ఎప్పటెప్పటివో, మా కాలానివి కూడా. ప్రతి మనిషికీ ఇచ్చిన గుర్తు అక్షరాలు కొడితే ఆ మనిషి చుక్కలు వేరే రంగులోకి మారతాయి. నీ అక్షరాలు గుర్తున్నాయా అని అడిగింది. ఎందుకు గుర్తుండవు, నా పెళ్ళిరోజు మర్చిపోతానేమో గానీ అవి మర్చిపోతానా. ఉబ్బిపోయి చెప్పాను. మేము ఏళ్ళ తరబడి చూసిన ఎర్ర నక్షత్రం పేజీలో నా చుక్కలన్నీ పచ్చగా వెలిగాయి, అందరి చుక్కలతో పాటు బుద్ధిగా వరసలో ఎక్కుతూ దిగుతూ. ఒక్కటి మాత్రం ఆ వరసని వదిలేసి పైన ఒంటరిగా ఉంది.

"ఇదేంటమ్మమ్మా, పొరపాటున పడిందా?" అంది.

చార్జింగ్ అయిపోతుందేమో పక్కన పెట్టవే అని చెప్పి, నేను వంటింట్లోకి వెళ్ళిపోయాను. అది పొరపాటున పడింది కాదు. ఇన్‌లాండ్ ఉత్తరం అతికించి పోస్టుడబ్బాలో వేసేవరకూ తెరిచి చూస్తారేమోనని భయపడిన మన తరం వాళ్ళకైతే నా మాట అర్థమవుతుందని, ఇన్నేళ్ళకి ఇది రాస్తున్నాను.

నాది పుట్టు అనుమానం. మంత్రసాని చేతిలో పడగానే నేను ఏడవలేదనీ, ఆవిడ చేతులు కడుక్కుందా లేదా అని చూశాననీ మా అమ్మ అందరికీ చెప్పేది. బందరు చేపల బజారులో నేను మొప్ప ఎత్తి చూడని చేప లేదు, పాలవాడి క్యాను మూతి వాసన చూడని రోజు లేదు, మా ఆయన ఆలస్యంగా ఇంటికి వస్తే సంచి కంటే ముందు ముఖం చూసేదాన్ని. పాపం ఆయన ఏ తప్పూ చేయని మనిషే అయినా, నేను అలా చూసేసరికి ఏదో చేసినట్టే తడబడేవాడు, దాంతో నా అనుమానం ఇంకా పెరిగేది. ఈ గుణమే నాకు అన్నం పెట్టిందంటే మీరు నవ్వుతారు గానీ, అదే నిజం.

చిలకలపూడిలో గిల్టు నగల షెడ్డులో నేను రంగు చూసేదాన్ని. పూత వేసి వచ్చిన గాజులూ గొలుసులూ ప్యాకింగుకి వెళ్ళేముందు నా బల్ల మీదికి వచ్చేవి. నా ముందు రెండు మచ్చు గాజులు ఉండేవి, ఒకటి కాస్త లేత రంగు, ఒకటి కాస్త ముదురు. వచ్చిన ప్రతి నగా ఆ రెండింటి మధ్య ఎక్కడ పడుతుందో చెప్పి, పడకపోతే వెనక్కి కొట్టాలి. కొత్తగా చేరిన ఆడపిల్లలు నగని చేతిలో పట్టుకుని అలా చూస్తూనే ఉండిపోయేవాళ్ళు. అలా గుచ్చి చూడకండే, ఎర్రఛాయ ఉన్నదాన్ని ఎంతసేపు చూస్తే అంత ఎక్కువ కనపడుతుంది, ఒక చూపు వేసి తల తిప్పేయండి అని రోజుకి పదిసార్లు అరిచేదాన్ని. అరిచి అరిచి ఆ మాట నా నోటికి ఊపిరితో సమానమైపోయింది, ఎవరితో ఎప్పుడు అన్నానో గుర్తుండేది కాదు. ఈ సంగతి కాస్త జ్ఞాపకం పెట్టుకోండి.

మా బాబాయి, అంటే మా నాన్న తమ్ముడు, గుడివాడలో హైస్కూల్లో సైన్సు మాస్టారు. ఒకసారి పిన్నితో కలిసి గాజులు కొనడానికి షెడ్డుకి వచ్చి, గాజుల సంగతి వదిలేసి అరగంట నా వెనకే నిలబడి నేను చేసే పని చూశాడు. ఆ సాయంత్రం మా డాబా ఎక్కి, నా చేతికి బైనాక్యులర్స్ ఇచ్చి, ఆకాశంలో రెండు నక్షత్రాలు చూపించి, అవి మచ్చు గాజులు అనుకో, ఈ మూడోది వాటి మధ్య ఎక్కడ పడుతుందో చెప్పు అన్నాడు. చెప్పాను. ఆయన తన దగ్గరున్న నక్షత్రాల పటం తీసి సరిచూసుకుని, కిందికి దిగి పిన్నితో, ఈ పిల్ల కన్ను ఏ పెద్ద చోటో ఉండాల్సింది అన్నాడట. నా జీవితంలో నన్ను ఎవరైనా మెచ్చుకోవడం అదే మొదలు. చదువు ఎనిమిదితో ఆగింది, రంగు తక్కువ, మాట పెళుసు. నాదంటూ ఒకటుందని, అది నా కన్నని, ఆ రోజు తెలిసింది.

పని చెప్పుకోవడానికి తేలికే. కొన్ని నక్షత్రాలు ఒకే వెలుగుతో ఉండవు, పెరుగుతాయి, తరుగుతాయి. పక్కన ఉన్న, వెలుగు మారని నక్షత్రాలతో పోల్చి దానికి ఒక అంకె వెయ్యాలి. తరగతిలో ర్యాంకు లాగా, వెలుగు ఎక్కువైతే అంకె తక్కువ. ఆ అంకె రాసి, ఇన్‌లాండ్‌లో పెట్టి బాబాయికి పంపాలి. ఆయన నెలకోసారి అందరివీ కలిపి విదేశంలో ఉన్న ఒక సంఘానికి పంపేవాడు. ఇందులో ఆయన పెట్టిన నియమం ఒకటే. చూసిన అంకె ఒకరికొకరు చెప్పుకోకూడదు. కిందటిసారి ఏం రాశామో కూడా ముందు తెరిచి చూసుకోకూడదు. కార్డు మీద రాయకూడదు, ఎవరి కంటైనా పడుతుంది. ఈ నియమం వినగానే నాకు ప్రాణం లేచొచ్చింది, ఇన్నాళ్ళకి నాలాగే ఎవరినీ నమ్మని పని ఒకటి దొరికిందని. ఆ మాట పైకే అన్నాను కూడా.

బాబాయి కళ్ళజోడు తుడుచుకుంటూ, "మనిషిని కాదమ్మాయ్ అనుమానించేది, కంటిని," అన్నాడు. విన్నాను గానీ, చెవి దాటి లోపలికి పోలేదు.

చూసేవాళ్ళం ముగ్గురం. గుడివాడలో బాబాయి, బందరులో నేను, దివిసీమలో మా అక్క మొగుడు, అంటే మా బావగారు. ఆయన కోడూరు దగ్గర రొయ్యల చెరువుల మీద సూపర్‌వైజరుగా చేసేవారు. నేను ఎవరినీ నమ్మనిదాన్నయితే, ఆయన నమ్మనివాళ్ళు లేరు. ఆయన సైకిలు ఎవరు అడిగినా ఇచ్చేవారు, తిరిగి తెచ్చి పెట్టినప్పుడు మాత్రం ఆశ్చర్యపోయేవారు. చెరువుగట్టు మీద మసక చీకట్లో, టార్చికి ఎర్రకాగితం చుట్టి, సముద్రం వైపు తిరిగి ఏదో రాసుకుంటున్నారని పోలీసులు వచ్చి, ఎవరికి సైగలు చేస్తున్నావని నిలదీశారట. ఈయన వాళ్ళ చేతికే బైనాక్యులర్స్ ఇచ్చి నక్షత్రం చూపించి, టీ తాగించి పంపారు. అదే మా డాబా మీద నేను బైనాక్యులర్స్ ఎత్తితే, వెనక వీధిలో వాళ్ళు వంటింటి కిటికీకి పాతచీర కట్టారు. నిజం చెప్పొద్దూ, ఒకటి రెండుసార్లు నేను అటు చూసిన మాట కూడా వాస్తవమే, ఆవిడ ఏం వండుతోందో అని.

మేము ఎక్కువగా చూసింది తిమింగలం అనే నక్షత్రాల గుంపులో ఉన్న ఒక ఎర్రటి నక్షత్రాన్ని. దాదాపు పదకొండు నెలలకోసారి పెరిగి తరుగుతుంది. పెరిగితే మామూలు కంటికే కనపడుతుంది, బాగా తరిగితే మా బైనాక్యులర్స్‌కి అందదు. అది సాయంత్రం పూట చక్కగా నెత్తిమీదికి వచ్చేది క్రిస్మస్ రోజుల్లో. మీకు తెలుసుగా, డిసెంబరు వచ్చిందంటే మనవాళ్ళ ప్రతి డాబా మీదా వెదురుబద్దలకి రంగుకాగితం అంటించి, లోపల పెద్ద బల్బు పెట్టి నక్షత్రం వేలాడదీస్తారు. మా ఆయన కట్టేది మా వీధిలో అన్నిటికంటే పెద్దది. ఆ వెలుగులో నాకు అసలు నక్షత్రం కనపడక, చీకటి పడగానే ఎక్కి స్విచ్చి తీసేసేదాన్ని. వీధంతా వెలుగుతూ మా ఇల్లొకటే నల్లగా ఉండడం చూసి పాస్టరుగారు ఒకరోజు వచ్చి, ఇంట్లో ఏమైనా కష్టమా అమ్మా, ప్రార్థన చేయమంటావా అని అడిగారు.

బాబాయి మా అంకెలు గ్రాఫు కాగితం మీద వేసేవాడు, నావి నీలం పెన్సిలుతో, బావవి ఎర్ర పెన్సిలుతో. నెలకోసారి గుడివాడలో కలిసినప్పుడు, సంఘానికి పంపేశాక మాత్రమే, తీసి చూపించేవాడు. మొదటి రెండేళ్ళూ బావ అంకెలు నావాటికంటే ఎప్పుడూ అర అంకె వెలుగు ఎక్కువగా ఉండేవి. ఎవరి కన్ను వాళ్ళది, ఫరవాలేదు అనేవాడు బాబాయి. నాకు మాత్రం లోపల్లోపల సంతోషంగా ఉండేది. మూడో ఏడు వచ్చేసరికి ఎర్రగీత వచ్చి నా నీలంగీత మీద కూర్చుంది. ఒక నెల కాదు, రెండు నెలలు కాదు, ఆ కాలమంతా. బాబాయి మురిసిపోయి, బావ భుజం తట్టాడు. అదే రోజున, నాకు కళ్ళు ఆనడం లేదు, పోయిన వేసవిలో సంపాదించిన ఈ దుర్భిణి మీ ఇద్దరిలో కన్ను బాగా నిలకడగా ఉన్నవాళ్ళకి ఇచ్చేస్తాను అని కూడా అన్నాడు.

బస్సులో గుడివాడ నుంచి బందరు వచ్చేదాకా ఆ రెండు గీతల లెక్కే వేస్తూ వచ్చాను. రెండేళ్ళు తప్పు చూసిన మనిషి ఉన్నట్టుండి నా అంకెలే వేస్తున్నాడంటే దానికి ఒకటే అర్థం. మా అక్క స్త్రీల సమాజం మీటింగుకని నెలకి రెండుసార్లు కోడూరు నుంచి బందరు వచ్చి మా ఇంట్లోనే దిగేది, నా నోటుపుస్తకం కిటికీ అరుగు మీదే ఉండేది. కాఫీ తాగుతూ, "ఈసారి నీ నక్షత్రం ఎలా ఉందే?" అని అడిగేది కూడా. మామూలుగా అడిగిందో, అడగమంటే అడిగిందో. అదీ కాకపోతే గుడివాడలో బాబాయి బల్ల మీద ఉత్తరాలన్నీ విప్పే పడి ఉండేవి, బావ చెరువు మందుల కోసం వారానికోసారి గుడివాడ వెళ్ళేవారు. ఇన్నేళ్ళ మంచితనం వెనక ఇదా అనుకున్నాను. ఒకసారి అలా అనుకున్నాక ఆయన చేసినవన్నీ నాకు సాక్ష్యాల్లాగే కనపడ్డాయి, సైకిలు ఇవ్వడం, పోలీసులకి టీ పొయ్యడంతో సహా.

అందుకని ఎర వేశాను. ఆ డిసెంబరులో నక్షత్రం తరుగుతూ వస్తోంది. ఒక సాయంత్రం మా ఆయన వేలాడదీసిన కాగితం నక్షత్రం ఆర్పేసి, కళ్ళకి చీకటి అలవాటయ్యేదాకా ఆగి, చూపు వేసి తల తిప్పి, మళ్ళీ వేసి, నాలుగున్నర అని నిర్ణయించుకున్నాను. కిందికి వచ్చి పాలకార్డు వెనక నాలుగున్నర అని రాసి దాచాను. నోటుపుస్తకంలో మాత్రం మూడున్నర అని రాసి, తెరిచి కిటికీ అరుగు మీద పెట్టాను. అంటే తరగాల్సింది ఉన్నట్టుండి ఎంతో పెరిగిందని. అక్క ఆ మర్నాడే వస్తుంది. బాబాయి బల్ల మీద చూసినా ఎర తగలాలి కనుక ఇన్‌లాండ్‌లో కూడా మూడున్నరే రాసి పోస్టు చేశాను. బావ కూడా మూడున్నర అని రాస్తే దొంగ దొరుకుతాడు, అప్పుడు పాలకార్డు తీసి బాబాయి ముందు పెడతాను, అని నా పథకం. వీధిలో క్యారల్స్ పిల్లలు పాడుతూ వస్తుంటే, నేను పోస్టుడబ్బా దగ్గర నిలబడి ఉత్తరం లోపల పడిన చప్పుడు విన్నాను. చాలా తెలివైన పని చేశాననే అనుకున్నాను.

అక్క వచ్చింది, ఒక పూట ఉంది, నోటుపుస్తకం మీద కాఫీ గ్లాసు పెట్టి గుండ్రటి మరక చేసి వెళ్ళింది. వారం తర్వాత బాబాయి దగ్గర నుంచి నాకు ఉత్తరం వచ్చింది. బావ రాసింది నాలుగు పాయింట్ ఆరు. నేను నిజంగా చూసినదానికి అంగుళం తేడా లేదు. ఎర ముట్టుకోలేదు సరికదా, ఎర ఉందన్న సంగతే ఆయనకి తెలియదు. కానీ ఆ ఉత్తరంలో అది ముఖ్యమైన మాట కాదు. తరిగే నక్షత్రం ఇలా ఒక్కసారిగా పెరగడం చాలా అరుదైన సంగతనీ, ఆలస్యం చేస్తే మళ్ళీ తరిగిపోతుందేమోనని నెలాఖరు దాకా ఆగకుండా నా అంకెని విడిగా, అర్జంటుగా సంఘానికి పంపేశాననీ రాశాడు. బావ అంకె నాతో కలవలేదు కనుక దాన్ని పంపకుండా ఆపి, అమ్మాయి కన్ను తప్పు చూడదు, నువ్వు మళ్ళీ చూడు అని ఆయనకి రాశాడట.

నేను ఆ రోజే గుడివాడ బస్సెక్కి ఉండాల్సింది. చెప్పులు వేసుకున్నాను కూడా. గుమ్మం దగ్గర నిలబడి, బాబాయికి ఏమని చెప్పాలి అనుకున్నాను. నా కన్ను తప్పు చూసిందని చెప్పలేను, అది అబద్ధం. బావని దొంగ అనుకున్నానని చెప్పలేను, అది నిజం. చెప్పులు విడిచేశాను. రేపు చెప్దాం అనుకున్న మాట ఎంత దూరం పోతుందో మీకు నేను చెప్పక్కర్లేదు.

నాలుగు రోజులకి బావే వచ్చారు, కంటి డాక్టరుకి చూపించుకోవడానికి. అన్నం పెట్టాను. ఆయన కంచం ముందు కూర్చుని, ఆ ఉత్తరం వచ్చాక మూడు సాయంత్రాలు చూశాననీ, మూడుసార్లూ నాలుగున్నర దగ్గరే ఉందనీ, కళ్ళకేదో అయిందనీ చెప్పారు. ఆ గొంతులో ఎవరి మీదా అనుమానం లేదు, తన మీద తప్ప.

"నువ్వే కదమ్మా మరదలా చెప్పింది, కిందటేడు మా గట్టు మీద. ఎర్ర నక్షత్రాన్ని గుచ్చి చూడకూడదు, చూపు వేసి తల తిప్పెయ్యాలని. అప్పట్నుంచి అలాగే చేస్తున్నాను, నీతో సరిగ్గా కలిసింది కూడా. మళ్ళీ ఎక్కడ చెడిందో తెలియడం లేదు," అన్నారు.

అవును, ఆ మాట నేనే అన్నాను. రోజుకి పదిసార్లు షెడ్డులో అరిచే మాటే, ఆ గట్టు మీద ఆయనతోనూ అన్నాను, మర్చిపోయాను. ఆయన మర్చిపోలేదు. నేను చెప్పింది చెప్పినట్టు చేసినందుకే నేను ఆయన్ని దొంగని చేశాను. నా చేతిలో గరిటె ఉంది. ఇప్పుడు చెప్పేయ్, ఇప్పుడు చెప్పేయ్ అని లోపల ఎవరో తోస్తున్నారు. ఇంకాస్త చేపలపులుసు వేసుకోండి బావగారూ అన్నాను.

డాక్టరు ఏమీ లేదన్నాడో, ఏదో ఉందన్నాడో తెలియదు, ఆయన మాత్రం కళ్ళజోడుతో కోడూరు బస్సెక్కారు. ఆ నెలలోనే బాబాయికి రాసేశారు, నా అంకెలు ఇక లెక్కలోకి తీసుకోవద్దు, మరదలి కన్ను ఉంది చాలు అని. దుర్భిణి మా ఇంటికి వచ్చింది. బాబాయి ఆ తర్వాత ఎన్నేళ్ళో లేడు. పోయేముందు పాత ఉత్తరాలన్నీ బిస్కెట్టు డబ్బాలో పెట్టి నాకే ఇచ్చాడు. బావ పోయి కూడా చాలా ఏళ్ళయింది. నేను చూడడం మానలేదు, షెడ్డు మానేశాక కూడా చూశాను, అంకెలు పంపాను. ఆ దుర్భిణితో మాత్రం ఒక్కసారి కూడా చూడలేదు. ఎందుకు చూడవని మా ఆయన అడిగితే, అద్దం సరిగ్గా లేదేమోనని అనుమానంగా ఉందన్నాను. నా నుంచి అలాంటి మాట వినడం అలవాటే కనుక నమ్మాడు.

ఆ శనివారం చార్జింగ్ వంకతో తప్పించుకున్నాను గానీ, ఆదివారం చర్చి నుంచి వచ్చాక మా మనవరాలు మళ్ళీ ఫోన్ తీసింది. ఈసారి బావ గుర్తు అక్షరాలు నేనే చెప్పాను. ఆయన చుక్కలు నారింజ రంగులో వెలిగాయి. మొదటి రెండేళ్ళవి వరసకి కాస్త పైగా, ఆ తర్వాతవి సరిగ్గా వరసలో, ఆ డిసెంబరు దగ్గరికి వచ్చి ఆగిపోయాయి. నా అబద్ధం ఒక్కటే అక్కడ పచ్చగా నిలబడి ఉంది. మంచం మీద కూర్చుని దానికి మొత్తం చెప్పాను. అది విని, కోడూరు పెద్దమ్మమ్మకి తెలుసా అని అడిగింది.

కోడూరుకి ఫోన్ చేశాను. మా అక్కకి ఎనభై దగ్గర పడుతున్నాయి, చెవి కాస్త తగ్గింది, అందుకని నా తప్పు గట్టిగా అరిచి చెప్పుకోవాల్సి వచ్చింది, వీధి వీధంతా విన్నదేమో కూడా.

"ఆయన చూడ్డం ఎక్కడ మానేశారే," అంది అక్క. "రాయడం మానేశారంతే. సాయంత్రం అయ్యేసరికి కళ్ళజోడు పెట్టుకుని గట్టు మీద నిలబడి నన్ను పిలిచేవారు. నాకింత ఉన్నట్టు కనపడుతోంది, నీకెలా ఉంది అని అడిగేవారు. నాకేం తెలుసు, మీకెలా ఉంటే అలాగేనండీ అనేదాన్ని. అలాక్కాదు, నా కళ్ళు మంచివి కావు, నువ్వు చెప్పు అనేవారు. పోయే ఏడు దాకా అడుగుతూనే ఉన్నారు."

నేను ఏడ్చాను. ఆవిడ ఓదార్చలేదు. ఆయనుంటే నవ్వేసేవారు, నాకు మాత్రం నవ్వు రావడం లేదే అని ఫోన్ పెట్టేసింది. అంతకంటే ఎక్కువ తిట్టినా నాకు సరిపోయేది కాదు.

ఆ మధ్యాహ్నమే బిస్కెట్టు డబ్బా దింపించాను. బావ రాసిన ఇన్‌లాండ్ ఉత్తరం అందులోనే ఉంది, నాలుగు పాయింట్ ఆరు, గుండ్రటి అక్షరాలు, తేదీ, టైము, ఆకాశం నిర్మలం. మనవరాలు దాన్ని ఫొటో తీసి, ఆ సంఘం వాళ్ళకి నా తరఫున ఉత్తరం రాయడానికి కూర్చుంది, నా అంకె దిద్దాలనీ, బావ అంకె చేర్చాలనీ. కారణం రాయాలట. పొరపాటు అని రాస్తానమ్మమ్మా అంది. కాదు, కావాలనే తప్పు అంకె వేసిందని రాయి అన్నాను. అది తలెత్తి నన్ను చూసింది. చేపల వాళ్ళనీ పాలవాణ్ణీ మా ఆయన్నీ బావనీ నేను జీవితమంతా చూసిన చూపు అది. ఆ చూపు నాకు కొత్త కాదు, నామీద పడటమే కొత్త.

ఇప్పటి పిల్లలకి మా నియమాలు తెలియవు. ముందు ఫోన్లో అందరూ ఎంత వేశారో చూసుకుని, ఆ తర్వాత ఆకాశం వంక చూస్తారు. ఒకడు అంకె చెప్తే మిగతా అందరికీ అదే కనపడుతుంది. దాన్ని వాళ్ళు స్నేహం అంటున్నారు. చాలా చోట్ల మనిషి కన్ను అవసరం కూడా లేదట, కెమెరాలే చూసి లెక్క కడుతున్నాయట. వీధిలైట్లు ఎక్కువై బందరులో ఆ ఎర్ర నక్షత్రం బాగా పెరిగినప్పుడు తప్ప కనపడదు. కోడూరు చెరువుల మీద కూడా రాత్రంతా లైట్లేనట. ఒకరి అంకె ఒకరికి తెలియకుండా, మూడు ఊళ్ళలో ముగ్గురు మనుషులు ఒకే నక్షత్రాన్ని చూసి, ఉత్తరం అతికించి పంపిన రోజులు తలుచుకుంటే, అంత నమ్మకం నా జీవితంలో ఇంకెక్కడా చూడలేదనిపిస్తుంది. ఆ రోజుల్లో నాకు అది నమ్మకమని తెలియలేదు.

మొన్న సంఘం వాళ్ళ జవాబు వచ్చింది. నా చుక్క పక్కన తప్పు అనే గుర్తు పెట్టారు, తీసెయ్యలేదు. తీసెయ్యొద్దని నేనే రాయించాను. బావ చుక్క చేర్చారట. మనవరాలు ఫోన్లో ఆ పేజీ తెరిచింది. నాది దూరం నుంచే ఇట్టే కనపడింది. బావదేదీ అని అడిగాను. అది కాసేపు వెతికింది, వేళ్ళతో పెద్దది చేసింది, మళ్ళీ వెతికింది, అంతమంది మధ్య దొరకడం లేదమ్మమ్మా, సరిగ్గా వరసలో కలిసిపోయింది అంది.